సాక్షిని పిలిచాక

పదవీ ప్రమాణం చేసే మంత్రుల్లో కొందరు దైవసాక్షిగా అంటారు, ఇంకొందరు మనస్సాక్షిగా అంటారు. రాజ్యాంగం మూడో షెడ్యూలు రెండింటినీ సమానంగానే ఒప్పుకుంది. పని ఆరంభంలో దైవాన్ని పిలవడం పాత అలవాటే: నన్నయ భారతాన్ని త్రిమూర్తుల స్తుతితో మొదలుపెట్టాడు; ముస్లింల ఇంట బిస్మిల్లా అన్నాకే ముద్ద ఎత్తుతారు. ఎవరి పిలుపు వారిది. అందుకే రాజ్యాంగ పీఠికను దేవుని పేరుతో ఆరంభించాలని 1949 అక్టోబరు 17న రాజ్యాంగ సభలో సభ్యుడు హెచ్.వి. కామత్ తెచ్చిన సవరణ వీగిపోవడం (అనుకూలం 41, వ్యతిరేకం 68) సరైనదే. కోట్లమంది తరఫున ఒకే పేరు పిలిచే హక్కు ఏ సభకూ లేదు. మరి మంత్రి తానుగా పిలిచిన సాక్షి మాటేమిటి? భయం, పక్షపాతం, రాగద్వేషాలు లేకుండా అందరికీ న్యాయం చేస్తానన్న హామీ ఆ ప్రమాణంలోనే ఉంది. ఈసారి ప్రమాణాన్ని టీవీలో చివరిదాకా వినండి. మీ మంత్రి ఊరికి వచ్చినప్పుడు ఆ హామీ గురించే అడగండి.