తీర్పు వచ్చింది, అమలు ఎప్పుడు?

దేవుడు వరమిచ్చినా పూజారి కరుణించలేదన్న సామెత, కోర్టు ఉత్తర్వు చేతబట్టుకుని రెవెన్యూ ఆఫీసుల చుట్టూ తిరిగే రైతుకు సరిగ్గా సరిపోతుంది. భూసేకరణ పరిహారం కోసమైనా, నిషేధిత జాబితా నుంచి సర్వే నంబరు తీయించుకోవడానికైనా ఏళ్ల తరబడి పోరాడి గెలిచాక మళ్లీ తిరుగుడు మొదలవుతోంది.

నెల్లూరు జిల్లాలో ఒక మహిళా రైతుకు భూమి పరిహారం చెల్లించాలని హైకోర్టు 2017 ఫిబ్రవరిలో ఆదేశించింది. ఆమె ధిక్కరణ పిటిషన్ కూడా వేయాల్సి వచ్చింది. డబ్బు అందేసరికి 2021 మార్చి వచ్చింది. అదే ఏడాది సెప్టెంబరులో హైకోర్టు పలువురు ఐఏఎస్ అధికారులకు జైలు శిక్ష విధించి, అప్పీలుకు వీలుగా దాని అమలును కొంతకాలం నిలిపివేసింది.

గుంటూరులో హైకోర్టు ఉత్తర్వు ఉండగానే 2014 జనవరిలో ఒక తహసీల్దారు పేదల గుడిసెలు తొలగించారు. తర్వాత ఆయన డిప్యూటీ కలెక్టరయ్యారు. ఆయన్ను మళ్లీ తహసీల్దారు స్థాయికి దించాలని, లక్ష రూపాయల జరిమానా కట్టాలని సుప్రీంకోర్టు 2025 మే 9న ఆదేశించింది. న్యాయం జరిగింది, కానీ పదకొండేళ్లు పట్టింది.

ఇక అమరావతి మన కళ్లెదుటే ఉంది. భూసమీకరణలో భూములిచ్చిన రైతుల ప్లాట్లను మూడు నెలల్లో అభివృద్ధి చేసి అప్పగించాలని 2022 మార్చి 3న హైకోర్టు తీర్పు చెప్పింది. గడువు దాటినా పని కాలేదు. నవంబరు 28న సుప్రీంకోర్టు ఆ గడువులపై స్టే ఇచ్చింది.

ఇక్కడ రైతులు ఒక తేడా గమనించాలి. స్టే వస్తే ఉత్తర్వు అమలు ఆగుతుంది. అప్పీలు వేసినంత మాత్రాన ఆగదు. ‘పైకోర్టుకు వెళ్తున్నాం’ అని ఆఫీసులో చెబితే, స్టే కాపీ చూపించమని అడగండి.

1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టం ప్రకారం ఉత్తర్వును కావాలని ఉల్లంఘిస్తే ఆరు నెలల వరకు సాధారణ జైలు, రెండు వేల రూపాయల వరకు జరిమానా, లేదా రెండూ పడవచ్చు. అయితే ఉల్లంఘన జరిగిన ఏడాదిలోపే పిటిషన్ వేయాలని అదే చట్టంలోని 20వ సెక్షన్ చెబుతోంది. ‘వచ్చే నెల చూద్దాం’ అన్న మాట నమ్మి కూర్చుంటే ఆ ఏడాది కాస్తా గడిచిపోతుంది. అందుకే ఉత్తర్వులో అమలుకు గడువు పెట్టించమని మొదటే వకీలును కోరాలి. సర్టిఫైడ్ కాపీని అధికారికి ఇచ్చి, తేదీతో రసీదు తీసుకోవాలి. గడువు ముగిసిన రోజును ఇంట్లో క్యాలెండరు మీద రాసిపెట్టుకోవాలి.

అధికారిని జైలుకు పంపాలని ఏ రైతూ కోరుకోడు. తనకు రావలసింది రావాలని కోరుకుంటాడు. ఒకే హక్కు కోసం రెండుసార్లు నేలపాడు హైకోర్టు మెట్లెక్కించడం అన్యాయం. అమలు కావలసిన కోర్టు ఉత్తర్వుల జాబితాను ప్రతి కలెక్టరేటు నెలనెలా నోటీసు బోర్డులో పెట్టాలి. జాప్యానికి అయ్యే ఖర్చు ఖజానా నుంచి కాకుండా బాధ్యుల జీతం నుంచి రావాలి. ఇది మన సంఘం డిమాండు. ఇలాంటి ఉత్తర్వులు చేతిలో ఉన్న సభ్యులు వాటి కాపీలతో ఈ నెలలోనే మండల కమిటీని కలవాలి.