వెండితెర వెనుక: కిటికీ వెలుగు చాలన్న బాలూ మహేంద్ర

'శంకరాభరణం' చూడని తెలుగు ఇల్లు మన చింతామణి, బాగేపల్లి, చిక్కబళ్ళాపురం వైపు ఉంటుందనుకోను. విశ్వనాథ్ గారినీ, మహదేవన్ గారినీ, పాడిన బాలు గారినీ అందరూ తలుచుకుంటారు. కెమెరా ఎవరిదని అడిగి చూడండి, పెద్దవాళ్ళు కూడా కాస్త తడుముకుంటారు. ఆ కెమెరా బాలూ మహేంద్రది.

ఆయన తెలుగువారు కారు, కన్నడిగులూ కారు. శ్రీలంకలో మట్టకళప్పు దగ్గర 1939లో పుట్టిన తమిళుడు. 'బ్రిడ్జ్ ఆన్ ద రివర్ క్వాయ్' షూటింగ్ అక్కడ జరిగినప్పుడు చూశానని, అప్పుడే సినిమా పిచ్చి పట్టిందని చెప్పుకునేవారు. పుణే ఫిలిం ఇన్‌స్టిట్యూట్‌లో ఛాయాగ్రహణం చదివారు. మలయాళంలో రాము కరియత్ 'నెల్లు' (1974) ఆయనకు పేరు తెచ్చింది. తెలుగులో బాపు గారి 'మన ఊరి పాండవులు' కూడా ఆయన తీసిందే.

ఇంట్లో తెలుగు, బళ్ళో కన్నడం మాట్లాడే మనకు ఆయనతో ఇంకో చుట్టరికం ఉంది. దర్శకుడిగా ఆయన తొలి చిత్రం తమిళంలో కాదు, కన్నడంలో! 1977లో వచ్చిన 'కోకిల'. కమల్ హాసన్, శోభ నటించిన నలుపు తెలుపు చిత్రం. దాని ఛాయాగ్రహణానికి ఆయనకు జాతీయ బహుమతి వచ్చింది. మద్రాసులో వంద రోజులు దాటి ఆడింది. భాష రానివాళ్ళు కూడా కూర్చుని చూశారన్నమాట. ఆ తర్వాత 1983లో మణిరత్నం మొదటి చిత్రం 'పల్లవి అనుపల్లవి'కి కెమెరా పట్టింది కూడా ఈయనే. అదీ కన్నడమే.

ఇంతకీ ఆయన ప్రత్యేకత ఏమిటి? ఆ రోజుల్లో స్టూడియోలో గుడిసె వేసినా పెళ్ళిపందిరిలాగా నాలుగు వైపులా దీపాలు పెట్టేవారు. అర్ధరాత్రి ఏడ్చే కథానాయిక ముఖం మీద మధ్యాహ్నపు ఎండంత వెలుతురు! బాలూ మహేంద్ర దానికి ఒప్పుకోలేదు. కిటికీ పక్కన కూర్చున్న మనిషి మీద కిటికీ వెలుగే పడాలి, రెండో చెంప నీడలో ఉంటే ఉండనీ అన్నది ఆయన పద్ధతి. ఈసారి 'శంకరాభరణం' చూసేటప్పుడు పాట మాట కాసేపు పక్కన పెట్టి, శాస్త్రి గారి ఇంట్లోకి వెలుతురు ఎటునుంచి వస్తుందో గమనించండి. అంతకంటే ఎక్కువ నేను చెప్పలేను, అది చూడవలసిందే.

దర్శకుడయ్యాక కూడా కెమెరా మరొకరి చేతికివ్వలేదు. కూర్పు కూడా తనే చేసుకునేవారు. 'మూండ్రాం పిరై' (1982) మనకు 'వసంత కోకిల'గా వచ్చింది. మలయాళ 'యాత్ర'ను తెలుగులో 'నిరీక్షణ'గా మలిచారు. నా మటుకు అన్నిటికన్నా గొప్పది 'వీడు'. మధ్యతరగతి అమ్మాయి ఒక ఇల్లు కట్టుకోవడానికి పడే పాట్లు, అంతే కథ. పాటలు లేవు. అర్చనకు జాతీయ ఉత్తమ నటి బహుమతి వచ్చింది. ఇల్లు కట్టించినవారెవరైనా ఆ సినిమా చూసి కంటతడి పెట్టకుండా ఉండలేరు.

ఆయన జీవితంలో చీకటి లేకపోలేదు. ఆయన పెళ్ళాడిన శోభ, జాతీయ బహుమతి అందుకున్న నటి, 1980లో పద్దెనిమిదేళ్ళు నిండకుండానే ఆత్మహత్య చేసుకుంది. ఆ నీడ ఆయన్ని వదలలేదు. మంచి చిత్రాలు తీశారు కదా అని మనం ఆ పిల్ల సంగతి దాటేయడం న్యాయం కాదు.

2014 ఫిబ్రవరిలో ఆయన కన్నుమూశారు. చివరి రోజుల్లో ఆయన బాధ మరొకటి. తన పాత చిత్రాల నెగటివ్‌లు పాడైపోయాయని, సినిమాలను భద్రపరిచే ఏర్పాటు కావాలని పదేపదే అడిగారు. తెలుగు మూకీల సంగతి మనకు తెలిసిందే, దాదాపు ఏదీ మిగల్లేదు.

మన సభ్యుల ఇళ్ళల్లో, పాత ట్రంకు పెట్టెల అడుగున, టూరింగ్ టాకీసుల నాటి పాటల పుస్తకాలో, కరపత్రాలో ఇంకా ఉండే ఉంటాయి. చెదలు తినేలోపు బయటికి తీయండి. 'కోకిల'ది ఉంటే మరీ సంతోషం, సంఘం కార్యాలయంలో ఒక్కమాట చెప్పండి.