‘హియర్ ఓన్లీ’ మీద ఎర్రగీత వద్దు
మారేడ్‌పల్లి తల్లిదండ్రులకు, ఇంగ్లీషు చెప్పే టీచర్లకు, బడులు నడిపే పెద్దలకు ఒక విన్నపం



ఈ కాగితాన్ని మడిచి పడేసే ముందు మీ పిల్లల ఇంగ్లీషు నోట్‌బుక్ ఒకసారి తెరవండి. ఎర్ర పెన్ను ఎక్కడెక్కడ పడిందో చూడండి. ‘ఐ యామ్ హియర్ ఓన్లీ’, ‘యెస్టర్‌డే ఇట్‌సెల్ఫ్ ఐ టోల్డ్’, ‘సింప్లీ ఐ కేమ్’, ‘వి వెంట్ స్లోలీ స్లోలీ’. అన్నిటి కిందా ఒకే గీత, పక్కన ఒకే ముక్క: రాంగ్. ముప్ఫై ఏళ్లు ఆ గీతలు గీసినవాణ్ణి నేను. రిటైరై ఈస్ట్ మారేడ్‌పల్లిలో ఉంటున్నాను. వాటిలో సగం గీతలు గీయకూడనివి అని ఒప్పుకోవడానికి, మీరైనా ఇక గీయనివ్వకండి అని అడగడానికి, సొంత డబ్బుతో ఈ కరపత్రం అచ్చువేయించాను.

ఒక పిల్లాడి సంగతి చెప్తాను. ఏడో తరగతి. ఫీజు విషయం మాట్లాడాలి, మీ నాన్న ఊళ్లో ఉన్నాడా అని ఇంగ్లీషులో అడిగాను. ‘మై డాడీ ఈజ్ ఇన్ ద హౌస్ ఓన్లీ సార్’ అన్నాడు. ‘ఓన్లీ ఇన్ ద హౌస్? బజారుకి కూడా పోడా?’ అన్నాను. క్లాసంతా ఘొల్లుమంది. నాకు అది చమత్కారం. వాడు మాత్రం ఆ ఏడాదంతా ‘యెస్ సార్’, ‘నో సార్’ తప్ప మరోమాట ఇంగ్లీషులో అనలేదు. ఆ తర్వాత వాడి మాటల్లో ఒక్క తప్పూ దొర్లలేదు. మాట్లాడితే కదా దొర్లడానికి!

వాడికి ఆ ‘ఓన్లీ’ ఎక్కడ దొరికింది? ఇంట్లోనే. ‘ఇంట్లోనే’ అన్నాను చూడండి, ఆ చివరి ‘ఏ’లోనే ఉంది కిటుకంతా. ఇక్కడే, ఇప్పుడే, వాడే, నిన్ననే అంటూ తెలుగువాడు మాటను నొక్కాలంటే తోకలో ఒక ‘ఏ’ తగిలిస్తాడు. ఇంగ్లీషులో అలాంటి తోక లేదు. అందుకని పిల్లాడు దగ్గర్లో ఉన్న ‘ఓన్లీ’ని తెచ్చి ఆ పనికి పెట్టాడు. కాలానికి సంబంధించిన చోట అదే పని ‘ఇట్‌సెల్ఫ్’ చేస్తుంది. నిన్ననే చెప్పాను కదా అనడానికి ‘యెస్టర్‌డే ఇట్‌సెల్ఫ్’. పైగా మన సికింద్రాబాద్‌లో ఈ ‘ఓన్లీ’కి ఒక్క తల్లి కాదు. పక్కింటి తమిళులు ‘ఇంగే దాన్’ అంటారు. ఎదురింటి హిందీవాళ్లు ‘యహీఁ’ అంటారు. చౌరస్తాలో ఆటో అన్న దక్కనీలో ‘యహీంచ్’ అంటాడు. ఆ చివరి ‘చ్’ మరాఠీ నుంచి దక్కనీలోకి వచ్చిందని భాషావేత్తల మాట. నాలుగు భాషలు మాటను నొక్కే తీరు ఒకటే. అవి నాలుగూ ఒకే వీధిలో కలిసి ఇంగ్లీషు మాట్లాడితే ‘హియర్ ఓన్లీ’ కాక ఇంకేం పుడుతుంది? ఇది వ్యాకరణం రాని పిల్లాడి తడబాటు కాదు. ఇందులో ఓ పద్ధతి ఉంది. ఏ ఇంట్లో విన్నా ఒకే అర్థం, ఒకే చోటు.

ఈ ఊరికి ఇంగ్లీషు పుస్తకాల్లోంచి రాలేదు కూడా. 1806లో సికిందర్ జా పేరు మీద కంటోన్మెంటు వెలిసినప్పుడు బారకాసుల్లోంచి వచ్చింది. 1874లో రైలు వచ్చాక రైల్వే క్వార్టర్లలోంచి వచ్చింది. లాలాగూడ వర్క్‌షాప్‌లో ఆంగ్లో ఇండియన్ ఫిట్టర్లు, డ్రైవర్లు మాట్లాడిన ఇంగ్లీషు లండన్ ఇంగ్లీషు కాదు. పక్కనే ఉన్న మన మారేడ్‌పల్లి చెవిన పడింది అదే. రెండు వందల ఏళ్లుగా ఇక్కడి నాలుకల మీద నలిగిన భాషను ఇంకా అద్దె సామాను అనుకోవడం నాకు వింతగా ఉంటుంది.

అసలు ఇంగ్లీషు సొంత భాష అయినవాళ్లంతా ఒకేలా మాట్లాడతారా అంటే అదీ లేదు. అమెరికా దక్షిణాదిలో ‘రియల్ గుడ్’ అంటారు. ఇంగ్లండ్ ఉత్తరాన ‘డెడ్ గుడ్’ అంటారు. లండన్ కుర్రకారు ‘వెల్ గుడ్’ అంటారు. మనకి కొత్తేముంది? ఇక్కడ మస్తు, రాయలసీమలో శానా, కోస్తాలో బలే. విమానంలో ‘మొమెంటరిలీ’ ల్యాండ్ అవుతాం అంటే అమెరికావాడికి ఇంకాసేపట్లో అని అర్థం. పాతకాలపు ఇంగ్లీషాయనకు మాత్రం ఒక్క క్షణం దిగి మళ్లీ ఎగురుతుందేమోనని గుబులు. జొహన్నెస్‌బర్గ్‌లో ‘జస్ట్ నౌ’ వస్తాను అన్నవాడి కోసం టీ పెట్టకండి, వాడు ఎప్పుడో తీరిగ్గా వస్తాడు. సింగపూర్‌లో ‘ఐ ఈట్ ఆల్రెడీ’ అనే మాట వెనక చైనీస్ వాక్యపు తీరు ఉంది. మన డాక్టర్లు రాసే ‘థ్రైస్ డైలీ’ చూసి డాలస్‌లో పుట్టిన మనవడు నవ్వుతాడు. అక్కడ ఆ ‘థ్రైస్’ కథల పుస్తకాల్లోనే మిగిలింది. పాత ఇంగ్లీషును భద్రంగా దాచింది మనమే అని వాడికి చెప్పండి.

బడి బయట రోడ్డు మీద ‘గో స్లో’ అనే బోర్డు పిల్లలు రోజూ చూస్తారు. లోపలికి వచ్చి ‘ద బస్ వెంట్ స్లో’ అని రాస్తే కొట్టివేత. ‘స్లోలీ’ అని రాయి, క్రియావిశేషణానికి ‘లీ’ ఉండాలి అని పాఠం. ఆ ‘స్లో’ తప్పని ఎవరు చెప్పారు? పాత ఇంగ్లీషులో విశేషణానికి చివర ఒక ‘ఎ’ చేర్చి క్రియావిశేషణం చేసేవాళ్లు. కాలక్రమంలో ఆ ‘ఎ’ ఉచ్చారణలోంచి జారిపోయింది. ఫాస్ట్, హార్డ్ వంటివి రెండు పనులకూ ఒకే రూపంతో మిగిలాయి, స్లో కూడా వాటి బాటలోనే నడిచింది. ‘ఎ మిడ్‌సమ్మర్ నైట్స్ డ్రీమ్’ నాటకం మొదట్లోనే చందమామ నెమ్మదిగా తరుగుతున్నాడు అనే చోట షేక్స్‌పియర్ వాడింది ‘స్లో’నే. వీటి మీద చిన్నచూపు బలపడింది పద్దెనిమిదో శతాబ్దపు వ్యాకరణకర్తల చేతుల్లో. 1762లో రాబర్ట్ లౌత్ రాసిన చిన్న వ్యాకరణం అందుకు పేరుమోసింది. 1997లో యాపిల్ కంపెనీ ‘థింక్ డిఫరెంట్’ అని ప్రకటన వేసినప్పుడు అమెరికాలోనే వ్యాకరణం మాస్టార్లు గోల పెట్టారు. కంపెనీ మాత్రం ‘లీ’ చేర్చలేదు.

అయితే పిల్లలు ఏం రాసినా ఒప్పే అని నేను అనడం లేదు. ఇక్కడే జాగ్రత్త కావాలి. మన భాషలో ‘గా’ ఉంది. వేగం వేగంగా అవుతుంది, కష్టం కష్టంగా అవుతుంది. అది దాదాపు దేనికైనా అతుకుతుంది. పిల్లాడు ‘లీ’ అంటే మన ‘గా’ అని లెక్క కట్టి ఫాస్ట్‌కి ‘ఫాస్ట్‌లీ’, హార్డ్‌కి ‘హార్డ్‌లీ’, లేట్‌కి ‘లేట్‌లీ’ చేస్తాడు. లెక్క చక్కగానే ఉంది, భాషే ఆ లెక్కకు లొంగదు. ‘ఫాస్ట్‌లీ’తో పెద్ద ప్రమాదం లేదు. 1609లో షేక్స్‌పియర్ పేరు మీద సానెట్లతో పాటు అచ్చయిన ‘ఎ లవర్స్ కంప్లయింట్’ పద్యంలో ఆ మాట కనిపిస్తుంది కూడా. ఈనాడు ప్రామాణిక ఇంగ్లీషులో అది వాడుకలో లేదు, అంతే. ‘హార్డ్‌లీ’ సంగతి వేరు. ఉద్యోగం ఇంటర్వ్యూలో ‘ఐ వర్క్ హార్డ్‌లీ’ అన్న కుర్రాడు కష్టపడతాను అని చెప్పాననుకుంటాడు. బల్లకు అవతలివైపు కూర్చున్నవాళ్లకు దాదాపు పనే చేయను అని వినిపిస్తుంది. ‘ఐ కేమ్ లేట్‌లీ’ అంటే ఆలస్యంగా వచ్చాను అని కాదు, ఈమధ్యే వచ్చాను అని. అర్థం తలకిందులయ్యే ఇలాంటి చోట టీచరు ఎర్ర పెన్ను తియ్యాలి. రెండుసార్లు గీయాలి. పాపం ఆ ఎర్రసిరా అంతా ‘హియర్ ఓన్లీ’ మీదే అయిపోతోంది. ‘హార్డ్‌లీ’కీ ‘ఓన్లీ’కీ ఒకే గీత గీస్తే ఏది కొంప ముంచేదో పిల్లాడికి ఎలా తెలుస్తుంది?

ఈ వాదన మన తాతలు తెలుగు విషయంలో ఒకసారి గెలిచినదే. పిల్లలు నోటితో ఒక తెలుగు మాట్లాడి బడిలో మరో తెలుగు రాయాల్సి వచ్చేది. విశాఖపట్నం వైపు బడుల తనిఖీకి వచ్చిన యేట్స్ దొర ఈ రెండు తెలుగులేమిటని అడిగాడు. గిడుగు రామమూర్తి, గురజాడ అప్పారావు, ఆ దొర కలిసి వాడుక భాషకు బడిలో చోటివ్వాలని పోరాడారు. 1914లో గురజాడ వాడుక భాష తరఫున తన అసమ్మతి పత్రం ఇచ్చారు. గిడుగువారు ఇంకో అడుగు ముందుకేసి, గ్రాంథికం తప్ప మరొకటి రాయకూడదన్న పండితుల రాతల్లోనే గ్రాంథిక వ్యాకరణానికి నిలవని ప్రయోగాలు ఏరి చూపించారు. నా పాత నోట్‌బుక్కులు ఎవరైనా అలా ఏరితే నా గతి ఏమిటో! పర్లాకిమిడిలో ఉండగా సవర పిల్లలకు సవరలోనే పాఠాలు రాసినవాడాయన. పిల్లవాడి నోట ఉన్నదాన్ని మెట్టుగా వాడుకుని పైకి తీసుకెళ్లాలన్నది ఆయన పద్ధతి. మన తెలంగాణలో ఇంటి మాటకు బడిలో చోటు దొరకని గాయం ఇంకా పచ్చిది. ‘గిట్ల’, ‘గట్ల’, ‘ఊకె’, ‘జల్ది’ అన్న పిల్లలు బడిలో నవ్వులపాలైన రోజులు నా ఈడువాళ్లందరికీ గుర్తే. అవి కూడా క్రియావిశేషణాలే. అలా నవ్వులపాలైన తరమే ఇవాళ తల్లిదండ్రులై, తమ పిల్లలు ‘సింప్లీ ఐ కేమ్’ అంటే సిగ్గుపడుతోంది. ‘ఊకె వచ్చిన’ అనడంలో తప్పు లేనప్పుడు ‘సింప్లీ’లో అంత పాపమేముంది?

ఇది నా ఒక్కడి బుర్రలో పుట్టింది కాదు.   భారతీయ ఇంగ్లీషును ఒక రకమైన ఇంగ్లీషుగా గుర్తించాలని బ్రజ్ కచ్రు అనే కశ్మీరీ పండితుడు 1983లోనే పుస్తకం రాశారు. 1990లో లండన్ ప్రొఫెసర్ ర్యాండాల్ఫ్ క్వర్క్ ఎదురు నిలిచారు. పేద పిల్లలకు ప్రామాణిక ఇంగ్లీషు అందకుండా చేసి, మీ ఇంగ్లీషే చాలు అనడం వాళ్లకు అన్యాయం అన్నది ఆయన వాదన. మరుసటి ఏడాది కచ్రు జవాబిచ్చారు. నిజం చెప్పాలంటే క్వర్క్ మాటలో బలం ఉంది. ఐఈఎల్‌టీఎస్‌లోనో, కంపెనీ ఈమెయిల్‌లోనో ‘టుడే మార్నింగ్’ రాసిన అమ్మాయికి మారేడ్‌పల్లి గొప్పతనం అక్కరకు రాదు, ‘దిస్ మార్నింగ్’ అక్కరకొస్తుంది. కాబట్టి అది నేర్పాల్సిందే. నా తగువు నేర్పే తీరు మీదే. నీ మాట తప్పు అని నేర్పవచ్చు. ఇంట్లో ఇది, పరీక్షలో అది అని కూడా నేర్పవచ్చు. పెళ్లికి పట్టుచీర కట్టుకునే అమ్మాయిని నీ నూలుచీర పాపం అని ఎవరూ తిట్టరు.

ఇప్పుడే ఎందుకు అంటారా? 2022–23 నుంచి తెలంగాణ ప్రభుత్వ బడుల్లో ఒకటి నుంచి ఎనిమిదో తరగతి దాకా ఇంగ్లీషు మీడియం వచ్చింది. ఇంట్లో ఇంగ్లీషు అక్షరం కనపడని పిల్లలు సైన్సు, లెక్కలు కూడా ఇంగ్లీషులో చెప్పాల్సి వస్తోంది. 2011 జనాభా లెక్కల్లో ఇంగ్లీషు మా మాతృభాష అన్నవాళ్లు దేశం మొత్తానికి 2.6 లక్షలు. రెండో భాషగా వచ్చు అన్నవాళ్లు 8 కోట్లకు పైన. ఈ దేశంలో ఇంగ్లీషు నేర్చేవాడు దాదాపు ఎప్పుడూ ఇంకో భాష గుమ్మంలోంచే వస్తాడు. ఆ గుమ్మం దగ్గరే నిలబెట్టి నవ్వితే లోపలికి ఎవడొస్తాడు?

అందుకని అడుగుతున్నాను. బడిలో ఇంగ్లీషు మాటతీరు మీద వెక్కిరింతలు, తెలుగు మాట్లాడితే జరిమానాలు రెండూ ఆపండి. దిద్దేటప్పుడు రెండు సిరాలు వాడండి. అర్థం మారిపోయే ‘హార్డ్‌లీ’, ‘లేట్‌లీ’లకు ఎరుపు. మన వాడుకే కానీ పరీక్షలో మరో రూపం కావాల్సిన ‘హియర్ ఓన్లీ’, ‘టుడే మార్నింగ్’లకు నీలం, పక్కనే ఆ రెండో రూపం. ‘ఫాస్ట్‌లీ’ది కూడా నీలమే అని నా అభిప్రాయం, కాదనే టీచర్లతో మాట్లాడటానికి సిద్ధం. ‘గా’కీ ‘లీ’కీ తేడా ఏమిటో ఒక్క పీరియడ్ తెలుగులో చెప్పండి. ఇంగ్లీషు క్లాసులో తెలుగా అని భయపడకండి, ముప్ఫై ఏళ్లు ఇంగ్లీషులో చెప్పి నేను సాధించిందేమిటో పైనే చదివారు. దీనికయ్యే ఖర్చు నీలం పెన్ను ఒకటి.

ఆగస్టు 29 గిడుగువారి పుట్టినరోజు, తెలుగు భాషా దినోత్సవం. సెప్టెంబరు 9 కాళోజీ పుట్టినరోజు, తెలంగాణ భాషా దినోత్సవం. ఈ రెండు తేదీల నడుమ ప్రతి క్లాసు గోడ మీదా ఒక చార్టు కట్టండి. తాము వీధిలో, ఇంట్లో విన్న ఇంగ్లీషు మాటలు పిల్లలే తెచ్చి రాయాలి. ఎదురుగా దాని వెనకున్న తెలుగో, దక్కనీయో, తమిళమో. మూడో గడిలో పరీక్షకు రాయాల్సిన రూపం. ‘వన్స్ కమ్ హియర్’ ఎదురుగా ‘ఒకసారి ఇటు రా’ చూసిన పిల్లాడు ఎవరూ చెప్పకుండానే రెండు వ్యాకరణాలు పట్టుకుంటాడు. ఇళ్లలో బామ్మలకు, తాతయ్యలకు కూడా పని దొరుకుతుంది.

వచ్చే పేరెంట్స్ మీటింగ్‌కి ఈ కాగితం పట్టుకెళ్లండి. మార్కుల సంగతి తర్వాత, ముందు ఇది చూపించండి. ఇదెవరిచ్చారు అని టీచరుగారు అడిగితే, ‘అవర్ ఓల్డ్ సార్ ఓన్లీ గేవ్’ అని చెప్పండి. నేను ఇక్కడే ఉంటాను.

ఇట్లు,
ఎర్ర పెన్ను పక్కన పెట్టిన ఒక ఇంగ్లీషు మాస్టారు,
ఈస్ట్ మారేడ్‌పల్లి, సికింద్రాబాద్