తీర్పుకు లొంగని పతకం

విద్యుత్, ఎలక్ట్రానిక్స్ ఇంజనీర్ల సంస్థ ఐఈఈఈ తన అత్యున్నత పురస్కారమైన మెడల్ ఆఫ్ ఆనర్‌తో పాటు ఇచ్చే నగదును 2025లో 20 లక్షల డాలర్లకు పెంచింది. అయితే ఈ పతకానికి ప్రతిష్ఠ డబ్బు వల్ల రాలేదు. 1934లో ఒక పేటెంటు వివాదంలో అమెరికా సుప్రీంకోర్టు తీర్పు ఇచ్చిన కొద్ది రోజులకే రేడియో ఇంజనీర్ల సంస్థ (ఐఆర్‌ఈ) తీసుకొన్న ఒక నిర్ణయం వల్ల వచ్చింది.

1917 సంవత్సరానికి ఐఆర్‌ఈ ఈ పతకాన్ని తొలిసారి ఎడ్విన్ ఆర్మ్‌స్ట్రాంగ్‌కు ప్రకటించింది. వాక్యూమ్ ట్యూబు నుంచి వెలువడే సంకేతంలో కొంత భాగాన్ని తిరిగి దాని ప్రవేశ వలయానికే అందించి, బలహీనమైన సంకేతాన్ని పలు రెట్లు పెంచే పునరుత్పాదక వలయంపై ఆయన చేసిన కృషికి అది గుర్తింపు. ఆయన 1913 అక్టోబరులో పేటెంటుకు దరఖాస్తు చేయగా, గ్రిడ్‌తో నియంత్రించే వాక్యూమ్ ట్యూబును కనిపెట్టిన లీ డి ఫారెస్ట్ 1912 ఆగస్టు నాటి నోటు పుస్తకాన్ని చూపి ఆ వలయం తనదేనన్నాడు. అప్పటి అమెరికా చట్టం ముందు దరఖాస్తు చేసినవానికి కాక, ముందు ఆవిష్కరించినవానికే హక్కు ఇచ్చేది కనుక, వివాదమంతా ఆ పుస్తకంలోని రాతల చుట్టూ తిరిగింది.

1934 తీర్పులో జస్టిస్ కార్డోజో, ప్రత్యర్థుల మధ్య పోరు ముగిశాక మంజూరైన పేటెంటు చెల్లుతుందనే భావించాలనీ, దానిని కాదనే మూడో పక్షం స్పష్టమైన, బలమైన రుజువు చూపాలనీ నిర్ణయించాడు. డి ఫారెస్ట్‌కే ప్రాథమ్యం దక్కిన మాట నిజమే అయినా, ఆ తీర్పు ప్రధానంగా నిలిచింది రుజువు భారం మీద. వలయంలో పుట్టిన ఊళలాంటి ధ్వనిని వినడం వేరు, అది ఎందుకు పుట్టిందో గ్రహించి దానిని పనికి పెట్టడం వేరు అన్న ఇంజనీర్ల వాదన ఆ తూకంలో తేలిపోయింది.

తీర్పు తరువాత ఆర్మ్‌స్ట్రాంగ్ పతకాన్ని తిరిగి ఇవ్వబోగా, ఐఆర్‌ఈ పాలకమండలి దానిని స్వీకరించక, తొలి గుర్తింపునే పునరుద్ఘాటించింది. 1904లో నెలకొన్న ఎడిసన్ పతకాన్ని ఇచ్చే మరో సంస్థ, విద్యుత్ ఇంజనీర్ల సంస్థ (ఏఐఈఈ), 1942లో ఆయనను సత్కరిస్తూ ప్రశంసాపత్రంలో పునరుత్పాదక వలయాన్ని పేరెత్తి చెప్పింది. 1946లో అదే పతకాన్ని డి ఫారెస్ట్‌కు ఇచ్చినప్పుడు గ్రిడ్‌తో నియంత్రించే ట్యూబును ప్రస్తావించింది. అంటే ట్యూబు ఒకరిది, వలయం మరొకరిది అని వృత్తి సమాజం స్పష్టంగా విభజించింది. 1963లో ఈ రెండు సంస్థలూ ఐఈఈఈగా విలీనమైనప్పుడు ఆ వారసత్వం కూడా దానికి సంక్రమించింది.

ఐఆర్‌ఈ నిర్ణయాన్ని న్యాయస్థాన ధిక్కారంగా చూసేవారు, కోర్టు తేల్చేది యాజమాన్యమనీ, పతకం తేల్చేది కర్తృత్వమనీ గమనించడం లేదు. హక్కుల విషయంలో కోర్టు పరిధిని గౌరవిస్తూనే తన శాస్త్రీయ నిర్ణయాన్ని వదులుకోని సంస్థకే కర్తృత్వాన్ని తేల్చే అధికారం దక్కుతుంది. కనుక ఈ పురస్కారాన్ని అంచనా వేసేవారు నగదును కాక, ప్రశంసాపత్రాల్లో ఎవరికి ఏ పని ఆపాదించారన్నదే చదవాలి.