లోతు లేని చెరువు

హైదరాబాదుకు వాయవ్యదిశలో, పటాన్‌చెరు సమీపాన ఉన్న అమీన్‌పూర్ పెద్ద చెరువు ఇబ్రహీం కుతుబ్‌షా (1550–1580) కాలం నాటిదని చెబుతారు. 2016లో తెలంగాణ ప్రభుత్వం దీనిని జీవవైవిధ్య వారసత్వ స్థలంగా ప్రకటించినది. అయినను మన నగరవాసులు పలువురు ఆ చెరువును చూచి పెదవి విరుస్తారు. "ఇందులో నీళ్ళేవి? మోకాటి లోతు బురద తప్ప!" అనే మాట తరచు వినవస్తుంది. నాకు పేచీ ఈ మాటతోనే.

ఆ మోకాటి లోతే ఆ చెరువు సంపద. నీరు పలుచగా ఉన్నచోట సూర్యరశ్మి అడుగు వరకు చేరుతుంది. నాచు, నీటిమొక్కలు, నత్తలు, పురుగులు వృద్ధి పొందుతాయి. వాటిని తినవచ్చే పక్షులకు ఎంత కాలో అంత లోతు. ఉల్లంకిపిట్ట తడి బురద దాటి పోదు. తెడ్డుమూతి కొంగ మరి నాలుగడుగులు లోపలికి వెళ్ళి, ముక్కును నీటిలో ఇటునటు త్రిప్పుతూ తగిలిన చేపపిల్లను పట్టుకొంటుంది. రాజహంసలని మన పత్రికలు వ్రాసే ఫ్లెమింగోలు ఇంకను ముందుకు నడచి, తలను తలక్రిందులుగా ముంచి, ముక్కులోని జల్లెడతో నీటిని వడగట్టుకొంటాయి. అందరికీ ఒకటే దస్తర్‌ఖాన్. ఎవరి చోటు వారిది. నీటికాకి, బుడుబుంగ వంటి మునిగే పక్షుల సంగతి వేరు. తక్కినవాటికి ఇరవై అడుగుల లోతు నీరు ఎడారితో సమానమే.

శీతాకాలం గడచినకొద్దీ నీరు తగ్గి, క్రొత్త బురద బయటపడుతూ ఉంటుంది. ఉత్తరదేశాల నుండి వచ్చిన వలసపక్షులకు తిరుగు ప్రయాణానికి ముందు అదే పుష్కలమైన ఆహారం. దురదృష్టవశాత్తు ఆ ఆరిన నేలనే మరికొన్ని కన్నులు కూడ కనిపెట్టి ఉంటాయి. రెవెన్యూ కాగితాలలో అది శిఖం భూమి. దళారి నోట అది ప్లాటు. నీరు వెనుకకు తగ్గినచోట హద్దురాయి ముందుకు వస్తుంది. 2024లో హైడ్రా ఏర్పడిన పిమ్మట నగర పరిసరాలలో పలు ఆక్రమణలను తొలగించారు. మంచిదే. కాని ప్లాటు అమ్మినవాడు నిశ్చింతగా ఉండగా, అప్పుచేసి కొన్నవాడు వీధిన పడడం నాకు న్యాయంగా తోచదు.

ఆక్రమణను కనీసం తప్పని అందరూ ఒప్పుకొంటారు. సుందరీకరణను ఎవరు తప్పనగలరు? చుట్టూ రాతిగోడ కట్టి, ఒడ్డును నిటారుగా కోసి, గిన్నెవలె లోతు చేసి, రంగుదీపాలు పెట్టిన చెరువు ఛాయాచిత్రంలో ముచ్చటగానే ఉంటుంది. అందులో ఉల్లంకిపిట్ట కాలు మోపే జానెడు చోటు మిగలదు. పూడిక తీయవద్దని నేననడం లేదు. మన రైతులు తరతరాలుగా చెరువుమట్టిని పొలాలకు తోలుకొన్నారు. ఏటవాలుగా దిగే అంచును, శిఖాన్ని విడిచిపెట్టి తీయవలెనన్నదే నా వాదన. మురుగునీటిని ఆపడం అంతకంటె ముందు పని, ఏలయన పలుచని నీటిలో కొద్దిపాటి విషమైనా చిక్కగానే ఉంటుంది.

మాసాబ్‌ట్యాంక్‌లో నేడు ట్యాంకు లేదు. మా సాహెబా తాలాబు పేరు మాత్రం బస్సుల మీద తిరుగుతున్నది.

1931–32లో సలీం అలీ నిజాం రాజ్యమంతట తిరిగి పక్షుల సర్వే జరిపినాడు. ఆయన పేరు మన విద్యార్థులకు తెలుసు, ఆయన చేసిన పని తెలియదు. ఏటా జనవరిలో ఆసియా నీటిపక్షుల గణన జరుగుతుంది. ఆ సమయంలో ఒక ఆదివారం కళాశాల బస్సును, రెండు దుర్భిణీలను మంజూరు చేయవలసినదిగా కమిటీవారిని కోరుచున్నాను. జంతుశాస్త్ర శాఖవారు పక్షులను లెక్కింతురు గాక. తెలుగు, ఉర్దూ విద్యార్థులు ఒడ్డున చేపలు పట్టేవారిని అడిగి, ఒక్కొక్క పక్షికి వారు పిలిచే పేరును రెండు లిపులలోను వ్రాసికొని రావలెను. ఆ జాబితాను వచ్చే సంచికలో అచ్చువేయడానికి పది పుటలు చాలును.