రాజయాత్రా చిత్రము - కానరాని ప్రజలు

ప్రభువులు సముద్రములు దాటి చేసిన యాత్రలను తెరకెక్కించుట నిన్నమొన్నటి వింత కాదు. 1911 డిసెంబరు 12వ తేదీన ఢిల్లీలో జరిగిన అయిదవ జార్జి దర్బారును చార్లెస్ అర్బన్ అను చిత్రనిర్మాత కినిమాకలర్ అను వర్ణపద్ధతిలో చిత్రింపజేసెను. 1912 ఫిబ్రవరి నుండి లండనులోని స్కాలా నాటకశాలలో ప్రదర్శింపబడిన ఆ చిత్రము రెండు గంటలకు పైగా సాగెడిది. నేడు అందులో స్వల్పభాగములే మిగిలియున్నవి.

ఆ దర్బారులో సంస్థానాధీశులలో చక్రవర్తికి మొదట వంగి నమస్కరించినవాడు అదే ఏట గద్దెనెక్కిన మన నిజాము మీర్ ఉస్మాన్ అలీఖాను. పిమ్మట వచ్చిన బరోడా గాయక్వాడు తగినట్లు వంగక, వెన్నుచూపి మరలెనని ఆంగ్లపత్రికలు గగ్గోలుపెట్టినవి. ఆ దృశ్యమును పట్టిన చలనచిత్రములు సైతము అచట చర్చనీయాంశములైనవి. ఒక రాజు వంగిన తీరును అంత శ్రద్ధతో పరీక్షించినవారు, ఆ రాజుల పాలనలో వంగిన ప్రజల నడుములను చూడదలపలేదు.

ఆ నడుములు మన సూర్యాపేట, మిర్యాలగూడ తాలూకాలలోనే ఉండెను. చిన్న అధికారి గ్రామమున మకాము వేసినను గొల్లవాడు గొఱ్ఱెను, కుమ్మరి కుండలను ఊరక తెచ్చి ఈయవలెను. కట్టెలు, నీరు మోయుటకు మాల మాదిగలు పనులు మాని పోవలెను. దీనినే వెట్టి యనిరి. అదియు ఒక రాజయాత్రయే. దానిని చిత్రించిన యంత్రము మాత్రము లేదు. కోదాడ పరిసరములు మొదలుగా నల్లగొండ పల్లెలు 1946 నుండి తిరుగబడుటకు గల ప్రధానకారణములలో ఈ వెట్టి యొకటి.

రాజయాత్రా చిత్రములను పారవేయుమని మేము కోరుట లేదు. అవి చరిత్రకు సాక్ష్యములు, భద్రపరుపవలసినవే. కాని యజమాని సొమ్ముతోనో, అనుమతితోనో తీసిన సాక్ష్యము యజమాని చూడగోరినదానినే చూపును. రెండవ సాక్ష్యము మన వృద్ధుల నోట ఉన్నది. 1946లో పదేండ్ల బాలురైనవారు నేడు తొంబదికి చేరువైనారు. సూర్యాపేట, కోదాడ, మిర్యాలగూడలలోని గ్రంథాలయములు, పాఠశాలలు వారి మాటలను, ముఖములను వెంటనే చిత్రించి భద్రపరుపవలెను. నేడు ప్రతి విద్యార్థి చేతిలోను చిత్రించు యంత్రమున్నది; ధనము లేదను సాకు చెల్లదు. ఆలస్యమైనచో మన మనుమలకు దర్బారు మిగులును, వెట్టి మరపునకు వచ్చును. అది మనకు తగదు.