చోడి అంబలికి సిగ్గుపడ్డాం, గ్రానోలాకి డబ్బులు కడుతున్నాం

పోస్ట్ కొంచెం పెద్దదే, ఓపిగ్గా చదవండి.

బెజవాడలో చదువుకుంటూ ఒకే గదిలో ఉండే ఐదుగురం కలిసి ఇది రాస్తున్నాం. మాలో ముగ్గురం పాడేరు, చింతపల్లి వైపు నుంచి వచ్చినవాళ్లం. ఇద్దరిది దివిసీమ, యానాదులు. పొద్దున్నే క్లాసుకు పరుగు. టిఫిన్ మానేస్తాం, లేకపోతే టీ, రెండు బిస్కెట్లతో సరిపెడతాం. పదకొండుకల్లా కళ్లు తిరుగుతుంటాయి. హాస్టళ్లలో ఉండే మీలో చాలామందిది ఇదే పరిస్థితి అని మాకు తెలుసు.

మొన్న మాలో ఒకడు బందరు రోడ్డులోని ఒక పెద్ద షాపులో గ్రానోలా ప్యాకెట్ కొన్నాడు. జిమ్‌లో ఎవరో చెప్పారట. ధర చూస్తే మాకు రెండు రోజుల భోజనం ఖర్చు. ముందువైపు పెద్ద అక్షరాల్లో 'మిల్లెట్' అని ఉంది. వెనక్కి తిప్పి చదివాం. దేనిలోనైనా పదార్థాల్ని బరువు ఎక్కువ ఉన్నదాని నుంచి తక్కువ ఉన్నదాని వరకు వరసగా రాయాలి, అది రూలు. ఈ ప్యాకెట్‌లో మొదట ఓట్స్, తర్వాత చక్కెర, ఆ తర్వాత గ్లూకోజ్ సిరప్. రాగులు ఎక్కడో కింద ఉన్నాయి. అంటే చక్కెరను రెండు పేర్లతో అమ్ముతూ మన పంట బొమ్మ ముందు అతికించారు.

ఇంతకీ ఈ గ్రానోలా ఎక్కడిది? 1863లో అమెరికాలో జేమ్స్ కేలబ్ జాక్సన్ అనే డాక్టర్ తన ఆరోగ్య కేంద్రంలో 'గ్రాన్యులా' పేరుతో మొదలుపెట్టాడు. పొట్టు తియ్యని గోధుమపిండిని కాల్చి, ముక్కలు చేసి, మళ్లీ కాల్చేవాడు. అది ఎంత గట్టిదంటే రాత్రంతా పాలల్లో నానబెడితే గానీ నమలలేరు. తర్వాత కెల్లాగ్ అలాంటిదే చేసి 'గ్రానోలా' అన్నాడు. ధాన్యం వేయించి, తీపి కలిపి, గింజలు చేర్చి దాచుకోవడం మనకేమైనా కొత్తా? పల్లీ పట్టీ, నువ్వుల ఉండలు, డెల్టాలో ప్రతి ఇంటా తెలిసిన సున్నుండలు ఆ జాతివే.

మా బాధ ప్యాకెట్ గురించి కాదు. చిన్నప్పుడు బడికి చోడి అంబలి తాగి వెళితే నవ్వారు. సామలన్నం తెస్తే "అడివోళ్ల కూడు" అన్నారు. బియ్యం తినడమే గొప్ప అని మన ఇళ్లలోనూ అనుకున్నారు, పోడులో చోళ్లు, సామలు తగ్గిపోయాయి. ఇప్పుడేమో ఐక్యరాజ్యసమితి 2023ని చిరుధాన్యాల సంవత్సరంగా ప్రకటించింది. అదే ఏడాది మార్చి నుంచి మన రాష్ట్రంలో ప్రభుత్వ బడుల్లో వారానికి మూడు రోజులు రాగిజావ ఇచ్చారు. నిన్నటి ఎగతాళి ఇవాళ ఫ్యాషన్ అయింది. గింజ మనది, లాభం ఎవరిదో.

అందుకే మేమే చేసుకున్నాం. రెండుసార్లు పాడుచేసి మూడోసారి నేర్చుకున్నది చెబుతున్నాం.

జొన్న అటుకులు 200 గ్రాములు, రాగి అటుకులు 100, పల్లీలు 100, గుమ్మడి గింజలు 50, ఎండుకొబ్బరి తురుము 40, నువ్వులు 30. ఇంటినుంచి తెచ్చుకోగలిగితే నువ్వులకు బదులు వలిసెలు వేయండి, ఇంకా రుచి. బెల్లం 80 గ్రాములు, నూనె రెండు పెద్ద స్పూన్లు, చిటికెడు ఉప్పు, నాలుగు యాలకులు.

మందపాటి మూకుడులో, సన్న సెగ మీద దేనికది విడిగా వేయించాలి. అన్నీ కలిపి వేయించితే నువ్వులు మాడతాయి, పల్లీలు పచ్చిగానే ఉంటాయి. మా మొదటి తప్పు అదే. బెల్లం కొద్ది నీళ్లలో కరిగించి వడకట్టండి, ఇసుక ఉంటుంది. తీగ పాకం వచ్చాక నూనె, ఉప్పు, యాలకుల పొడి వేసి అన్నీ కలిపి, సన్న సెగ మీద తడి పోయేదాకా కలుపుతూ ఉండాలి. తర్వాత పళ్లెంలో పరిచి పూర్తిగా చల్లారనివ్వాలి. వేడి మీదే డబ్బాలో పోస్తే ఆవిరి పట్టి మెత్తబడుతుంది. బెజవాడ ఉక్కకి గాలి దూరని డబ్బా తప్పనిసరి. మా రెండోసారిది అలాగే పోయింది.

ఇది సుమారు 600 గ్రాములు అవుతుంది. రోజుకో గుప్పెడు, అంటే 40 గ్రాములు తింటే ఒకరికి పదిహేను రోజులు. పాలల్లోనో పెరుగులోనో కలుపుకోండి, అరటిపండు ముక్కలు వేసుకోండి. రాగుల్లో కాల్షియం 100 గ్రాములకు 340 మిల్లీగ్రాముల పైనే. బియ్యంలో దానికి దగ్గర్లో కూడా లేదు.

ఒక నిజం దాచకూడదు. "బెల్లం, తేనె వాడాం కాబట్టి షుగర్ లేదు" అని ఎవరైనా అంటే నమ్మకండి. తేనె తీపిని కూడా ప్రపంచ ఆరోగ్య సంస్థ చక్కెర లెక్కలోనే వేస్తుంది. రోజుకు 25 గ్రాములు దాటకపోతే మేలంటుంది. మన గుప్పెడులో బెల్లం ఐదు గ్రాములు చిల్లరే. తేడా అక్కడుంది. బెల్లం పేరులో కాదు, ఎంత వేశామన్న దాంట్లో. తీపి చాలలేదని రెట్టింపు వేస్తే మనమూ ఆ ప్యాకెట్ కంపెనీ లాంటివాళ్లమే.

ఇక్కడ మా గదిలోనే ఒక వాదన వచ్చింది. దివిసీమ తమ్ముడు అన్నాడు: "మీకు చోళ్లు ఉన్నాయన్నా, మాకు గజం భూమి లేదు. మా అమ్మావాళ్లు చేపలు, పీతలు పడతారు. ఇది మా తిండి ఎలా అవుతుంది?" న్యాయమైన మాట. 1855లో కృష్ణ మీద ఆనకట్ట పూర్తయ్యాక డెల్టా అంతా వరి అయింది, ఆ వరిచేలు యానాదులవి కాలేదు. కాబట్టి 'గిరిజన ఆహారం అంటే మిల్లెట్' అని అందర్నీ ఒకే గాటన కట్టొద్దు. డెల్టా వాళ్లు వరి కోసిన చేలల్లో పండే మినుముల్ని వేయించి వేసుకోవచ్చు. ఎవరి చుట్టూ దొరికేది వాళ్లది.

మరి అమ్మకం? 1956 నుంచి ఉన్న జీసీసీ మన తేనె కొని 'గిరిజన్' పేరుతో అమ్ముతోంది. వన్‌ధన్ కేంద్రాలు ఒక్కోదానిలో సుమారు 300 మందితో సంఘాలు కడుతున్నాయి. గింజల్ని బస్తాల్లో అమ్మడం ఆపి, వేయించి డబ్బాలో పెట్టి అమ్మితే మన అక్కచెల్లెళ్లకు నాలుగు రూపాయలు మిగులుతాయి. ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ రిజిస్ట్రేషన్ తీసుకుని చెయ్యాలి, అంతే.

కానీ మా అభిప్రాయం ఒకటే: ముందు మన పిల్లలు తినాలి, తర్వాతే అమ్మాలి. ఊళ్లో చోళ్లన్నీ సిటీకి పంపి, మన పిల్లలకు ఐదు రూపాయల బిస్కెట్ ప్యాకెట్ చేతిలో పెడితే అది అభివృద్ధి కాదు.

వచ్చే సెలవులకు ఊరెళ్లినప్పుడు రెండు కిలోల చోళ్లు అడిగి తెచ్చుకోండి. అమ్మ సంతోషిస్తుంది. పిండి పట్టించి రోజూ అంబలి కాచుకున్నా మంచిదే. మీ ప్రాంతంలో ఏ గింజలు వేయించి తింటారో కింద రాయండి. మేము చేసి చూసి చెబుతాం.